మాస్టారి పెదాలు

సినిమాల్లో మీరేం చేసేవారు అని ఎవరైనా అడిగితే నాకు ఇప్పటికీ సరైన జవాబు తోచదు. హీరోయిన్ కుచ్చిళ్లు సర్దేదాన్ని. విలన్ బుగ్గ మీద కత్తిగాటు అతికించేదాన్ని. నిన్నటి షాట్‌లో గాజులు ఏ చేతికున్నాయో గుర్తుపెట్టుకుని, ఇవాళ్టి షాట్‌లో అవి రెండో చేతికి కనిపిస్తే గొడవపడేదాన్ని. డైలాగు మర్చిపోయినవాళ్లకి కెమెరా పక్కన నక్కి మాట అందించేదాన్ని. అదంతా అయ్యాక డబ్బింగులో తల్లికీ, ఆ తల్లి పెంచుకున్న మేకపిల్లకీ కూడా నేనే గొంతు. ఇంటికి రాగానే మా ఆయన "ఇయాల ఏటయ్యావు?" అని అడిగేవారు. అత్తగారినయ్యాననో, మేకనయ్యాననో చెప్పి కంచాలు పెట్టేదాన్ని.

మీకు ఇది తమాషాగా ఉంటుంది. ఇప్పుడు మీరు పనిచేసే సెట్లలో ఒక్కో పనికి ఒక్కో మనిషి, మెడలో కార్డు, చేతిలో వాకీటాకీ. మా రోజుల్లో ఛత్తీస్‌గఢీ సినిమా అంటే ఒక వ్యాను, ఒక కెమెరా, ఒక వంటమనిషి, మిగతా పనులన్నిటికీ మేం ఇద్దరం. ఆ రెండో మనిషి మాస్టారు. నిజానికి ఆయనే మొదటి మనిషి. నాకు ఈ పనులన్నీ నేర్పింది ఆయనే. అన్ని సినిమాలకి పనిచేసిన ఆ మనిషి తెర మీద కనబడింది ఒక్కసారి. ఆ ఒక్కసారీ ఎంత గొడవైందో చెబుదామనే కూర్చున్నాను.

మాస్టారిది ఇక్కడి ఉక్కు ప్లాంటులో రోలింగ్ మిల్లు ఉద్యోగం. ఎర్రగా కాలిన ఇనుము రోలర్ల మధ్య దొర్లే చోట పక్కమనిషి అరిచినా వినపడదు. అక్కడివాళ్లంతా చేతుల్తోనూ పెదాల్తోనూ మాట్లాడుకుంటారు. ఆయన షిఫ్టు అయ్యాక తిన్నగా మా తెలుగువాళ్ల నాటకాల రిహార్సల్‌కి వచ్చేవారు, ప్రాంప్టింగ్‌కి. ఇక్కడే పుట్టిన మా పిల్లకాయలకి తెలుగు మాట్లాడటం కొంచెం వచ్చు, చదవడం అస్సలు రాదు. వాళ్ల కోసం తెలుగు డైలాగులన్నీ హిందీ అక్షరాల్లో రాసిచ్చేవారు. వేషం వేసినవాడు నోరు తెరిచి నిలబడిపోతే, తెర పక్కనుంచి ముక్క అందించేవారు. ముందు వరసలో కూర్చున్నవాళ్లకి కూడా అది వినిపించేది కాదు.

రాయపూర్ వైపు సినిమాలు తీయడం మొదలయ్యాక ఎవరో ఆయన్ని అక్కడికి లాక్కుపోయారు. ఆయన నన్ను లాక్కుపోయారు. ఆయన చెయ్యని పని లేదు. మేకప్ ఆయనే, గడ్డాలు మీసాలు ఆయనే. వాన చప్పుడు, ఎద్దుల బండి చప్పుడు, కంకర మీద చెప్పుల చప్పుడు, చంటిపిల్ల ఏడుపు, వీధికుక్కల కొట్లాట, అన్నీ ఆయనే. కుక్కల కొట్లాటలో రెండు కుక్కలూ ఆయనే. సర్పంచులకీ, పోలీసు ఇన్‌స్పెక్టర్లకీ, చచ్చిపోబోయే తాతలకీ గొంతు ఆయనదే. సినిమా పేర్లు పడేటప్పుడు ఆయన్ని ఏ వరసలో వెయ్యాలో తెలియక చివర్లో 'సహకారం' అని వేసేవారు. ఒకసారి నిర్మాత మేనమామ పేరు కింద వేశారు. "ఆయన కుర్చీలిచ్చాడు కదమ్మా, సహకారమే గదా," అన్నారు మాస్టారు. నాకైతే ఒళ్లు మండిపోయింది.

అందరూ ఆయన్ని మాస్టర్జీ అనేవారు. నేను మాస్టారూ అనేదాన్ని, ఆయన భార్యని మాత్రం అత్తా అనేదాన్ని. ఈ వరస ఎలా కుదిరిందని అడక్కండి. శ్రీకాకుళం నుంచి ఒకరు, విజయనగరం నుంచి ఒకరు వచ్చి సెక్టర్ 2లో పక్కపక్క క్వార్టర్లలో ఉంటే వరసలు అలాగే కుదురుతాయి.

అత్తకి చెవులు వినపడవు. పెళ్లయిన కొత్తలో పెద్ద జ్వరం వచ్చింది. జ్వరం తగ్గింది గానీ వినికిడి తిరిగి రాలేదు. మాట మాత్రం శుభ్రంగా ఉంది. తన గొంతు తనకి వినపడదు కాబట్టి ఎంత గట్టిగా మాట్లాడుతోందో ఆవిడకి తెలియదు. మా లైను మొత్తానికి తెలుస్తుంది. ఎదుటివాళ్లు చెప్పేది పెదాలు చూసి పట్టేస్తుంది, తెలుగైతేనే. హిందీ పెదాలు ఆవిడకి ఎప్పుడూ పట్టుబడలేదు.

మాస్టారు షిఫ్టు నుంచి వచ్చి, సైకిలు స్టాండు వేసి, కిటికీ బయట నిలబడి పెదాలతో అడిగేవారు, "తిన్నావేటే?" అని. చప్పుడుండేది కాదు. లోపల్నుంచి అత్త కేక పెట్టేది, "తిన్నాను! నువ్వు రా!" ఆ కేక విని మా అమ్మ షిఫ్టు దిగిందని మా నాన్నకి నీళ్లు తోడేది. ఇంకొకటి కూడా చూసేదాన్ని. ఇంటికి ఎవరు వచ్చి కబుర్లు చెప్పినా, టీవీలో ఏ వార్త వచ్చినా, మాస్టారు ఆవిడకి ఎదురుగా కూర్చుని అన్నీ పెదాలతో అందించేవారు. హిందీ అయితే తెలుగు చేసి మరీ. ఊళ్లోవాళ్లందరికీ ప్రాంప్టింగ్ చేసి వచ్చి ఇంట్లో ఆవిడకి చేసేవారన్నమాట.

అత్త ఆయన సినిమాలు ఒక్కటీ చూడలేదు. రమ్మంటే, "సెవుల్లేని దానికి సినిమా ఏటి?" అనేది. ఆవిడన్నదాంట్లో తప్పేమీ లేదు. ఆయన సినిమాల్లో చేసిందంతా చప్పుడే కదా. వాన, కుక్కలు, సర్పంచుల గొంతులు. ఆ పని మెచ్చుకోని మనిషి లేడు, ఒక్క ఆయన భార్యకే అది అందలేదు. ఈ సంగతి నాకు చాలా ఆలస్యంగా తట్టింది. తట్టిన రోజు గురించే ఇప్పుడు చెప్పబోతున్నాను.

అప్పటికి మాస్టారు రిటైరై చాలా కాలమైంది. దర్శకుడు వైశాలి నగర్ కుర్రాడు, మొదటి సినిమా. మంచివాడు. సినిమా అంటే ప్రాణం పెట్టేవాడు, తిండి పెట్టడం మాత్రం మర్చిపోయేవాడు. కథేమిటంటే, ఒక అమ్మాయి సున్నపురాయి గనిలో రాయి మోసే డంపర్ లారీ నడిపే ఉద్యోగంలో చేరుతుంది. ఆడపిల్లకి ఆ ఉద్యోగమేమిటని తాత ఆమెతో మాట్లాడటం మానేస్తాడు. ఆయన కూడా ఒకప్పుడు ఆ గనిలోనే రాళ్లు కొట్టినవాడు. ఒక రోజు గని దగ్గరికి వస్తాడు. ఆ పిల్ల తన మనసులో ఉన్నదంతా కక్కేస్తుంది. తాత ఒక్క మాటా అనకుండా వింటాడు. అంతా విని చివరికి, "బాసీ ఖాయె హస్, నోనీ?" అంటాడు. చద్దన్నం తిన్నావా తల్లీ అని. అంతే సీను. సినిమా మొత్తం ఈ ఒక్క మాట కోసమే రాశానని ఆ కుర్రాడు కనిపించిన ప్రతివాడికీ చెప్పేవాడు.

తాత వేషానికి దుర్గ్ నుంచి ఒక పెద్దాయన రావాల్సింది. షూటింగ్ ముందురోజు నడుం పట్టేసిందని ఫోన్ చేశాడు. నందిని గనిలో అనుమతి దొరికింది ఆ ఒక్క రోజుకే, అదీ మధ్యాహ్నం పేలుళ్ల సైరన్ మోగేదాకా. కుర్రాడు జుట్టు పీక్కుంటూ మా వంక చూశాడు. చూసి, మాస్టారి ముఖం మీద ఆగిపోయాడు.

"మాస్టర్జీ, ఆప్ కర్ లీజియే నా." మీరే చేసెయ్యండి అని.

"నాను ఎనకుండే మనిషిని బాబూ," అన్నారు మాస్టారు తెలుగులో, కంగారులో హిందీ మర్చిపోయి. నేను దాన్ని హిందీ చేసి చెప్పాను. ఒప్పుకున్నారని చెప్పాను.

మర్నాడు పొద్దున్న వ్యాను దగ్గరికి వచ్చిన మనిషిని చూసి నెత్తి కొట్టుకున్నాను. తల నల్లగా నిగనిగలాడుతోంది. రాత్రి రంగేసుకున్నారు.

"మాస్టారూ, మీది తాత వేషం!"

"తెలుసమ్మా. అయినా కెమెరా ముందుకెల్తన్నాను కదా, మరీ ముసలాడిలా ఏటని..."

జీవితమంతా నల్లజుట్టువాళ్లని ముసలివాళ్లని చేసిన మనిషి! వ్యానులో నందిని చేరేదాకా ఆయన తలకి నేను తెల్లరంగు పూస్తూనే ఉన్నాను. ఆయన పక్కన అత్త కూర్చుని ఉంది. కొత్త నేత చీర కట్టి, ఒళ్లో టిఫిన్ క్యారియర్ పెట్టుకుంది. మొట్టమొదటిసారి షూటింగ్‌కి వస్తోంది. "ఈయన మొగం కనపడతాదంట, సూద్దామని," అంది. వ్యానులో అందరికీ వినపడింది గానీ, నాకూ, హీరోయిన్ పిల్లకీ తప్ప ఎవరికీ అర్థం కాలేదు. ఆ పిల్ల కూడా మనవాళ్ల పిల్లే, ఇక్కడే పుట్టి పెరిగింది. తెలుగు వింటే తెలుస్తుంది, మాట్లాడమంటే ముందు నవ్వుతుంది.

గనిలో మీరెప్పుడైనా షూటింగ్ చేశారో లేదో. తెల్లటి రాయి, తెల్లటి దుమ్ము, ఎండ కింద నుంచీ పై నుంచీ కూడా కొడుతుంది. అంచు మీద డంపర్ నిలబెట్టి, దాని ముందు పిల్లనీ తాతనీ ఎదురెదురుగా ఉంచారు. కెమెరా పిల్ల భుజం మీదుగా తాత ముఖం చూస్తోంది. పిల్ల మాట్లాడుతూ ఉంటుంది, మనం తాత ముఖమే చూస్తూ ఉంటాం. అత్తని కెమెరాకి ఎడమ పక్కన టార్పాలిన్ నీడలో ప్లాస్టిక్ కుర్చీలో కూర్చోబెట్టాను.

యాక్షన్ అన్నారు. పిల్ల డైలాగు మొదలుపెట్టింది. బాగా చెబుతోంది. మధ్యలోనే కుర్రాడు కట్ అన్నాడు.

"మాస్టర్జీ, ఆప్‌కే హోంఠ్ హిల్ రహే హైఁ."

పెదాలు కదులుతున్నాయట. మాస్టారు నాలుక కరుచుకున్నారు. యూనిట్ అంతా నవ్వింది. అందరికీ తెలిసిన జబ్బే కదా, ప్రాంప్టర్ జబ్బు! పక్కవాడి డైలాగు వస్తుంటే ఆయన పెదాలు ఊరుకోవు. నేనూ నవ్వాను.

మళ్లీ తీశారు. మళ్లీ కదిలాయి. ఇంకోసారి. అదే. పిల్ల నోరు తెరిచిన కాసేపటికి ఆయన పెదాలు సన్నగా ఆడటం మొదలవుతాయి. చప్పుడేమీ లేదు. మామూలు సీనైతే ఎవరూ చూడరు, కానీ తెరంతా ఆయన ముఖమే. మనవరాలు తిడుతుంటే తాత ఏదో గొణుక్కుంటున్నట్టు కనిపిస్తోంది. మౌనంగా వినడమే ఆ సీనుకి ప్రాణం, ఆ ప్రాణమే పోతోంది.

ఎవరికి తోచిన వైద్యం వాళ్లు చెప్పారు. పాన్ నోట్లో పెట్టారు. పాన్ నములుతున్నట్టు ఉంది గానీ మౌనంగా లేదు. బీడీ పెదాల మధ్య పెట్టారు. బీడీ కిందకీ పైకీ గెంతులు వేసింది, కెమెరా అబ్బాయి నవ్వాపుకోలేక కెమెరా కదిపేశాడు. తువ్వాలు మూతికి చుట్టారు. తువ్వాలు లోపల కూడా ఏదో ఆడుతూనే ఉంది. పాపం ఆ పిల్ల ప్రతిసారీ నిజంగా ఏడ్చేది. ఎండ నడినెత్తికి వచ్చింది. కుర్రాడు గడియారం చూడటం మొదలుపెట్టాడు.

చివరికి అతను మాస్టారి దగ్గరికి వచ్చి భుజం మీద చెయ్యి వేశాడు. కసురుకోలేదు, అది చెప్పాలి. కెమెరా ఆయన వెనక్కి మార్చేస్తానన్నాడు. పిల్ల ముఖం చూపిద్దాం, తాత వీపు చాలు, చివరి మాట మీ గొంతే కదా, అదిరిపోతుంది అన్నాడు.

మాస్టారు నవ్వారు. "పర్లేదు బేటా. వీపైతే వీపే," అన్నారు. నా వైపు తిరిగి, "ఇన్నేళ్లూ అంతే కదమ్మా," అన్నారు.

ఆ మాటకి నాకు ఏడుపొచ్చింది. తలకి రంగేసుకుని వచ్చిన మనిషి. ముఖం కనబడుతుందని భార్యని వెంటబెట్టుకుని వచ్చిన మనిషి. ఆవిడకి తెర మీద కనిపించబోయేది మాత్రం వీపు.

వాళ్లు కెమెరా మార్చడానికి సామాను సర్దుతుంటే నేను మానిటర్ దగ్గరికి వెళ్లి, తీసినవన్నీ ఒకసారి చూపించమన్నాను. ఎక్కడైనా ఒక ముక్క కదలకుండా దొరుకుతుందేమోనని ఆశ. చూస్తున్నాను. పిల్ల "మోర్ బాత్" అంటోంది, నా మాట వినమని. 'మో' అన్నా 'బా' అన్నా పెదాలు రెండూ మూసుకోవాలి. మాస్టారి పెదాలు మూసుకోలేదు. తర్వాత పిల్ల నోరు తెరిచి దీర్ఘం తీసినచోట ఆయన పెదాలు టక్కున కలిశాయి. వెనక్కి వేసి మళ్లీ చూశాను. ఎక్కడా ఆ పిల్ల మాటకి సరిపోవడం లేదు.

డబ్బింగ్ చేసేవాళ్ల కళ్లు అక్కడే ఉంటాయి, వేరే చోటికి పోవు. ప్రాంప్టర్ అలవాటైతే ఆ పిల్ల మాటే ఆయన పెదాల మీద ఉండాలి. ఇది ఆ మాట కాదు. ఇది వేరే భాష. ఆయన ఆ డైలాగంతా తెలుగులో చెబుతున్నారు!

అప్పుడు ఆయన కళ్లు చూశాను. పిల్ల వైపు లేవు. కొంచెం పక్కకి, కెమెరాకి ఎడమ పక్కకి ఉన్నాయి. మానిటర్ మీంచి తలెత్తి అటు చూశాను. టార్పాలిన్ కింద అత్త, టిఫిన్ క్యారియర్ రెండు చేతులతో పట్టుకుని, మెడ ముందుకి చాచి, ఆయన నోటి వంకే చూస్తోంది.

ఇంటి దగ్గర వందసార్లు చూసిన సంగతి. అక్కడ ఆ ఎండలో ఒక్కసారి కూడా తట్టలేదు. అందరికంటే నాకే ముందు తట్టాల్సింది.

మాస్టారి దగ్గరికి వెళ్లి కూర్చున్నాను. "అత్తకి చెబుతున్నారు కదూ?" అన్నాను.

ఆయన దొరికిపోయినవాడిలా నవ్వారు. "అది అక్కడ కూకుంది కదమ్మా. ఆ పిల్ల ఏటంతందో, అంత ఏడుపు ఎందుకేడుస్తందో దానికేటి తెలుస్తాది?"

"సీను అయ్యాక చెప్పొచ్చు కదా మాస్టారూ!"

"నానూ అదే అనుకుంతన్నాను. పెతీసారీ నోరు మూసుకోవాలనే నిలబడతన్నాను. దాని మొగం సూసేసరికి ఆడిపోతన్నాయి." నా చెయ్యి పట్టుకుని, "దాన్ని ఎల్లిపొమ్మని మాత్రం అనకు. అది సూడ్డానికే గదా నాను ఒప్పుకున్నది," అన్నారు.

ఇంక నేను అత్త దగ్గరికే వెళ్లాను. ఎదురుగా గొంతుక్కూర్చుని, పెదాలతో సంగతంతా చెప్పాను. ఆవిడ విన్నది, అంటే చూసింది. చూసి ఒక్క కేక పెట్టింది.

"ఓలమ్మో! నా వల్లా సినిమా ఆగిపోయింది?"

గనిలో ఆ చివర డంపర్ డ్రైవర్లు కూడా ఇటు తిరిగారు. కుర్రాడు "క్యా హువా, క్యా హువా" అంటూ పరుగెత్తుకొచ్చాడు. అత్త లేచి నిలబడింది. "నానెల్లి బండిలో కూకుంతాను," అంది. దూరంగా మాస్టారు రెండు చేతులూ అడ్డంగా ఊపుతూ పెదాలతో వద్దు వద్దు అంటున్నారు. ఆవిడ ఆయన్ని చూసింది, నన్ను చూసింది, మళ్లీ కూర్చుంది.

"ఒలే గుంటా," అంది నన్ను. నాకప్పటికే ఇద్దరు అల్లుళ్లు. ఆవిడకి మాత్రం నేను గుంటనే, చిన్నపిల్లనే. "ఆ పిల్ల అన్నది నువ్వు సెప్పు నాకు. నీ పెదాలూ సదవగల్ను. ఆయన్ని నోరు మూసుకోమను."

ఇంత తేలిక ఉపాయం మాకెవరికీ తట్టలేదు. కుర్రాడికి విషయం హిందీలో చెప్పాను. అతను కెమెరాని మళ్లీ ముందు పెట్టిన చోటికే తెమ్మన్నాడు. సైరన్‌కి ఎంతో టైము లేదని ఎవరో గుర్తుచేస్తే, "ఏక్ బార్," అన్నాడు. ఒక్కసారి.

అందుకే నేను ఆ షాట్ చూడలేదు. మీకు చెప్పుకోదగ్గ షాట్ నా ఉద్యోగంలో అదొక్కటే, దానికి వీపు పెట్టి కూర్చున్నాను. గాజులు ఏ చేతికున్నాయో కూడా చూడలేదు. అత్తకి ఎదురుగా మోకాళ్ల మీద కూర్చుని, వెనకాల పిల్ల ఛత్తీస్‌గఢీలో అంటున్న ప్రతి మాటనీ తెలుగు చేసి పెదాలతో చెబుతూ పోయాను. నువ్వు కొట్టిన రాయే తాతా ఇది, నీ చేతులతో కొట్టావు, నేను బండి మీద మోస్తున్నాను, నీకు గర్వమైన పని నాకు సిగ్గెలా అవుతుంది? ఇలా ఉంటుంది ఆ డైలాగు. అత్త ముఖంలో ఒక్కో మాటా దిగడం చూశాను. ఆవిడ కళ్లు నిండాయి. ఆవిడ ముఖం అలా ఉందంటే వెనకాల ఆయన ముఖం ఎలా ఉందో నాకు తెలిసిపోయింది. ఎవరూ కట్ అనలేదు.

పిల్ల డైలాగు అయిపోయింది. నేను ఆపేశాను. ఇక ఆయన మాట. అది నేను చెప్పేది కాదు. అత్త నా మీంచి చూపెత్తి ఆయన వంక చూసింది. వెనకనుంచి మాస్టారి గొంతు వినిపించింది, మెల్లగా, ఇంటి గొంతు.

"సద్దన్నం తిన్నావేటే?"

తెలుగు! ఇంకా ఆ కంగారు తీరనే లేదు, ఎదురుగా అత్త నోరు తెరవడం కనిపించింది. ఏం చేయబోతోందో నాకు తెలుసు. ఇన్నేళ్లుగా కిటికీ లోంచి చేస్తున్నదే. గబుక్కున చెయ్యి చాపి ఆవిడ నోరు మూసేశాను. నా అరచేతిలోనే ఆ జవాబు అణగిపోయింది. కుర్రాడు చాలాసేపటికి కట్ అన్నాడు. అందరూ చప్పట్లు కొట్టారు. ఆ చప్పట్ల మధ్యే సైరన్ మోగింది.

"కమాల్, మాస్టర్జీ!" అంటూ కుర్రాడు ఆయన కాళ్లకి దణ్ణం పెట్టి, లేచి, అప్పుడు అడిగాడు, "బోలే క్యా ఆప్?" ఇంతకీ ఏమన్నారని.

"అదే కదా, బాసీ ఖాయె హస్," అన్నారు మాస్టారు అమాయకంగా. ఆయన ఛత్తీస్‌గఢీలోనే అన్నాననుకుంటున్నారు. హీరోయిన్ పిల్ల కళ్లు తుడుచుకుంటూనే పకపకా నవ్వింది. మళ్లీ తీయడానికి వీల్లేదు, గని వాళ్లు అందర్నీ బయటికి తోలుతున్నారు. సామానంతా వ్యానులో పడేసి పరుగు పెట్టాం. డబ్బింగులో చూసుకుంటాలే అని కుర్రాడికి ధైర్యం చెప్పాను. నాకు మాత్రం ధైర్యం లేదు.

డబ్బింగులో మొదటి మాటకే ఇబ్బంది వచ్చింది. బాసీ అనాలంటే మొదట్లోనే పెదాలు కలవాలి. సద్దన్నంలో మొదట్లో కలవవు. అక్కడ పెదాలు కలవని మాట ఏదైనా కావాలన్నాను. కుర్రాడు కాసేపు ఆలోచించి "కుఛూ," అన్నాడు. కుఛూ ఖాయె హస్, నోనీ? ఏమైనా తిన్నావా తల్లీ? అతను అంత ప్రేమగా రాసుకున్న చద్దన్నం పోయింది. అయినా తనే తీసేశాడు, ఆ పెదాల కోసం. మాట సరిపోయింది గానీ ఆ మాట చెప్పడానికి మాస్టారికి చెమటలు పట్టాయి. ఊరందరి పెదాలకీ గొంతు సరిపెట్టిన మనిషి తన పెదాలకి సరిపెట్టలేకపోయారు. ఒకసారి ముందు, ఒకసారి వెనక. "ఈడెవడమ్మా ఇలా మాట్లాడతన్నాడు?" అని తెర మీద తనని తనే విసుక్కున్నారు.

సినిమా విడుదలైన రోజు మ్యాట్నీకి ముగ్గురం వెళ్లాం. నేను, మాస్టారు, మధ్యలో అత్త, అదే నేత చీర. హాలు బాగానే నిండింది. బొమ్మ మొదలైన దగ్గర్నుంచీ మాస్టారు తెర వైపు చూడనే లేదు. కుర్చీలో పూర్తిగా అత్త వైపు తిరిగి, తెర వెలుగు తన ముఖం మీద పడేలా కూర్చుని, కథంతా పెదాలతో చెబుతున్నారు. వెనకనుంచి ఎవరో, "అంకుల్, సీధా బైఠియే," అన్నారు, తిన్నగా కూర్చోమని. ఆయనకి వినపడలేదు. పనిలో ఉన్నారు.

గని సీను రాబోతుండగా నేను ఆయన చెయ్యి తట్టాను. "మాస్టారూ, ఇక మీరటు తిరగండి. నేను చెబుతాను," అన్నాను.

ఆయన తిరిగారు. తెరంతా ఆయన ముఖం. తెల్లటి దుమ్ములో, నేను పూసిన తెల్లజుట్టుతో, కదలకుండా, మనవరాలి మాటలు వింటున్న తాత. ఆ షాట్ నేను అప్పుడు కూడా సగమే చూశాను, అత్తకి చెప్పాలి కదా. పిల్ల మాటలు ఒక్కొక్కటే చెప్పి, చివర్లో ఆపేసి, తెర వైపు చూడమన్నట్టు గడ్డం ఎత్తాను.

"కుఛూ ఖాయె హస్, నోనీ?" అంది హాల్లో స్పీకరు.

అది హాల్లో అందరికీ వినిపించింది, ఒక్క అత్తకి తప్ప. ఆవిడకి తెర మీది పెదాలు కనిపించాయి. అవి ఏమడుగుతున్నాయో ఆ హాల్లో మా ముగ్గురికీ తప్ప ఎవరికీ తెలియదు. ఆవిడ నోరు తెరవడం చూశాను. ఈసారి చెయ్యి చాపలేదు.

"తిన్నాను! నువ్వు రా!"

హాలంతా ఇటు తిరిగింది. ఎవరో ఈల వేశారు, చాలామంది నవ్వారు. తెర మీద సీను మారిపోయింది, డంపర్ వెళ్లిపోతోంది. మాస్టారు తెర వదిలేసి ఆవిడ వైపు తిరిగారు. పెదాలు కదిలాయి. ఆయన ఏమన్నారో చదవడం నాకు కష్టమేమీ కాదు. నేను తల తిప్పుకుని సినిమా చూశాను.